కొండమీద వదిలేసిన ముగ్గురు

లిదియమ్మ సముద్రాన్ని చూసింది ఒక్కసారే. అదీ పెళ్ళికి ముందు. భీమిలి ఒడ్డున మోకాళ్ళ దాకా దిగి, కొత్త చెప్పు అలకి సమర్పించుకుని, ఏడుపు మొహంతో ఇంటికొచ్చింది. అలాంటి మనిషి, సముద్రం అట్టడుగున వెలుతురు చొరబడని చోట నెత్తిన దీపం పెట్టుకుని తిరిగే చేపల గురించి చెబుతుంటే, అరకు పక్కనున్న ఆ కాఫీ షెడ్డులో ఆడవాళ్ళందరూ చేటలు ఒళ్ళో పెట్టుకుని నోరు తెరుచుకుని వినేవారు. నమ్మకపోతే వెళ్ళి బుద్రిని అడగండి. ఆ చేపకి కళ్ళెన్నో, పళ్ళెన్నో ఇప్పటికీ గడగడా చెబుతుంది.

ఈ పిచ్చంతా లిదియమ్మది కాదు, ఆమె మొగుడు ఎజ్రాది. మిషన్ బడిలో మేస్టారు. జీతం అందగానే రైలెక్కి విశాఖ వెళ్ళేవాడు. పెళ్ళానికి చీర తెస్తాడేమో అనుకుంటే, సంచీలోంచి పుస్తకం తీసేవాడు. అవన్నీ ఒకే బాపతు. మంచు ఖండాలు, పాతాళంలోకి పోయే గుహలు, ఇసుక తప్ప ఇంకేమీ లేని ఎడారులు, మేఘాల పైకి పొడుచుకొచ్చిన కొండలు. "చుట్టూ ఉన్న కొండలు సాలవేటండీ మీకు?" అని ఆమె విసుక్కునేది. ఆయన నవ్వేసి, ఆమె కూరలు తరుగుతుంటే పక్కన పీటేసుకుని పైకి చదివేవాడు. కూర మాడిన రోజులున్నాయి. మాడితే మాడనిమ్మని ఆమె వింటూ కూర్చున్న రోజులూ ఉన్నాయి.

ఆయన పోయాక లిదియమ్మ కిందికి, నర్సీపట్నం పుట్టింటికి వెళ్ళిపోతుందని అందరూ అనుకున్నారు. వెళ్ళలేదు. కాఫీ షెడ్డులో గింజలేరే పనికి కుదిరింది. నల్ల గింజ, విరిగిన గింజ, పురుగు తిన్న గింజ వేరుచేసి పారేయడం. చేతులకి పని, నోటికి ఖాళీ. ఖాళీ నోళ్ళు ఏం చేస్తాయో తెలిసిందే కదా! ఒక ముసురు రోజు కోడి ఎవరిదన్న తగువు ముదిరి జుట్లు పట్టుకునే దాకా వచ్చేసరికి, లిదియమ్మ తల పట్టుకుని, "ఉండండే! నేనొక కత చెబుతాను" అని భూమి లోపల పారే నది గురించి ఎత్తుకుంది. కోడి సంగతి ఎవరికీ గుర్తు రాలేదు. మర్నాటి నుంచి పుస్తకమే పట్టుకొచ్చింది. ఆమె వంతు గింజలు తలా ఒక చేట ఏరిపెట్టేవారు. ఆమె చదివేది.

అందరిలోకీ పెద్దది బుద్రి. అసలు గడుసుదనం బుద్రిదే. మంచు ఖండం గురించి వింటూ, "సోళ్ళు పండవా? మరేటి తింటారు?" అని అడిగింది. "ఇది మనిషి అడుగుపెట్టని మారుమూల" అని పుస్తకంలో రాగానే, "మన ఊరి గురించి కూడా కిందోళ్ళు అలాగే రాసుకుంటారు కావాల" అంది. షెడ్డంతా ఒకటే నవ్వులు.

ఒకసారి చదువు మధ్యలో కరెంటు పోయింది. కొవ్వొత్తి వెలిగిస్తే గాలి ఊరుకోలేదు. "అయ్యో, దీపం కొండెక్కేసిందే!" అంది లిదియమ్మ. ఆరిపోయిందనకూడదని చిన్నప్పుడు నాయనమ్మ నేర్పిన మాట అది. మతం మారినా మాట మారదు కదా. ఆ కొండవాళ్ళకి మాత్రం ఆ మాట కొత్త. "కొండెక్కిందా? ఏ కొండ? మా కొండా?" అని పడీపడీ నవ్వారు. బుద్రి మాత్రం నవ్వలేదు. గుమ్మం దగ్గరికి వెళ్ళి బయట మంచులో మునిగిన కొండకేసి చూసింది. "అయితే కిందోళ్ళ దీపాలు ఆరిపోవన్నమాట. అన్నీ ఇక్కడికే వత్తాయి. మంచి మాటే అమ్మా" అంది.

ఆ తర్వాత పెద్ద కొండ పుస్తకం మొదలైంది. ఎక్కడో మంచుదేశంలో ముగ్గురు స్నేహితులు ఎవరూ ఎక్కని కొండ ఎక్కడం. వాళ్ళ పేర్లు ఎవరికీ నోరు తిరగలేదు. బుద్రి వాళ్ళకి పెద్దోడు, నడిపోడు, సిన్నోడు అని పేర్లు పెట్టేసింది. పైగా బుద్రి వాళ్ళ కొండల్లో ఒక కట్టుబాటు ఉంది. తేనెకో, చీపురుపుల్లలకో మనిషి పెద్దకొండకి వెళ్తే, తిరిగి దిగేదాకా ఇంట్లో పొయ్యి చల్లారకూడదు. బూడిద కింద నిప్పు దాచి ఉంచుతారు. ఆ ముగ్గురికీ ఇల్లూ వాకిలీ ఎక్కడుందో ఏమో, వాళ్ళ కోసం బుద్రి తన పొయ్యిలో నిప్పు దాచింది. మనవలు నవ్వితే కసిరింది.

సరిగ్గా ఆ ముగ్గురూ శిఖరం మీద నిలబడ్డ రోజున, ఉత్తరం నుంచి నల్లటి తుఫాను లేస్తుండగా, తాతారావు లోపలికొచ్చాడు. షెడ్డు పెత్తనం అతనిది. విశాఖకి పంపిన కాఫీ బస్తా వెనక్కొచ్చింది. నిండా నల్ల గింజలు. కొండ కతలో తాడు తెగిన ఘట్టం వింటుంటే చేతులు ఆడాయి గానీ, కళ్ళు చేటల మీద లేవు మరి.

"టీచరమ్మా, ఇంక సదువులొద్దు. గింజలే సూడండి" అన్నాడు. తప్పు వాళ్ళదే.

లిదియమ్మ పుస్తకం మూసేసింది. ఆమెకి కోపం రాలేదు. నిజం చెప్పాలంటే గుండె తేలికపడింది. ఎందుకంటే ఎజ్రా ఆ పుస్తకాన్ని ఆమెకి చదివి వినిపిస్తూ ఆపింది కూడా అదే పేజీలో. దగ్గు తెర రాగా పుస్తకం బోర్లించి, "రేపు దింపుదాంలే వాళ్ళని" అన్నాడు. మర్నాడు జీపులో పెద్దాసుపత్రికి దిగిన మనిషి మళ్ళీ కొండెక్కి రాలేదు. ఆ పేజీ తిప్పితే ఆయన నిజంగానే పోయినట్టవుతుందని ఆమెకొక భయం. అందుకే ఆ తర్వాత ఏముందో అప్పటికీ ఆమెకి తెలియదు. వాళ్ళు అలా శిఖరం మీద ఉన్నంతకాలం, ఆయన కూడా ఎక్కడో ఉన్నట్టే ఉండేది.

షెడ్డు మూగబోయింది. గింజలు శుభ్రంగా వచ్చాయి. కానీ ఒక పొద్దున బుద్రి కర్ర పొడుచుకుంటూ లిదియమ్మ ఇంటికొచ్చి గుమ్మంలో కూలబడింది.

"ఏటే ఇది? ముగ్గురు మనుషుల్ని తుఫానులో వదిలేసి అన్నం ఎలా తింటన్నావు? దిగినారా నేదా?"

"నాకూ తెలీదు బుద్రప్పా." లిదియమ్మకి దుఃఖం పొంగుకొచ్చింది. ఎజ్రా సంగతి, పేజీ సంగతి మొత్తం చెప్పేసింది.

బుద్రి కర్ర ఊతతో లేచింది. "నా పొయ్యి ఇంకా ఆర్పనేదు. ఎన్నాళ్ళని దాయను? బేగి నడువు" అని చెయ్యి పట్టి లేపింది. తిన్నగా తాతారావు దగ్గరికి తీసుకెళ్ళింది. అతను బస్తాల వైపు చూశాడు, చివరికి గొంతు తగ్గించి అడిగాడు. "పెద్దోడి కాలికి దెబ్బ తగిలింది కదా, అదేటైంది?" ఓహో! తూకం బల్ల వెనకాల నిలబడి ఇన్నాళ్ళూ దొరగారూ విన్నారన్నమాట!

తిండి వేళ చదువుకోవచ్చు, చేటలు బోర్లించి వినాలి అని ఒప్పందం కుదిరింది.

ఆ మధ్యాహ్నం అందరూ చేటలు బోర్లించి కూర్చున్నారు. తాతారావు కూడా దాపరికం మానేసి బస్తా మీద కూర్చున్నాడు. లిదియమ్మ మడత పెట్టిన పేజీ విప్పింది. తిప్పింది. తుఫాను విరుచుకుపడింది. పెద్దోడు కుంటుతున్నాడు. సిన్నోడు తాడు పట్టాడు. నడిపోడికి అడుగు పడటం లేదు. మంచులో కూర్చుండిపోయి, "మీరు నడవండి, వెనకే వస్తాను" అని లాంతరు ఒళ్ళో పెట్టుకున్నాడు. వాళ్ళిద్దరూ దిగుతూ దిగుతూ వెనక్కి చూస్తున్నారు. పైన ఆ వెలుగు కనిపిస్తూనే ఉంది. మరి కాస్త దిగారు. మళ్ళీ చూశారు.

"కాసేపటికి ఆ లాంతరు..."

లిదియమ్మ ఆగిపోయింది. అచ్చులో ఉన్న మాట ఆమె నోట రావడం లేదు. మళ్ళీ మొదలుపెట్టింది. మళ్ళీ అక్కడే ఆగింది. కళ్ళనీళ్ళు పేజీ మీద పడ్డాయి.

బుద్రి లేచొచ్చి పక్కన కూర్చుంది. వీపు నిమిరింది.

"ఆరిపోయిందని రాసుందా?"

లిదియమ్మ తలూపింది.

"అలగ సదవకు. రాసినోడికి ఆ మాట తెలీదు. కొండెక్కింది అను. నువ్వే కదమ్మా మాకు నేర్పినావు."

లిదియమ్మ కొంగుతో మొహం తుడుచుకుంది. గుమ్మంలోంచి కొండ కనిపిస్తోంది. కాసేపు అటే చూసి, అందరికీ వినపడేలా గట్టిగా చదివింది. "కాసేపటికి ఆ లాంతరు కొండెక్కింది."

రేపు దింపుదాంలే అని ఎజ్రా అన్న ఆ రేపు ఇన్నేళ్ళకి వచ్చింది. మిగిలిన ఇద్దరినీ లిదియమ్మ ఆ మధ్యాహ్నమే కిందికి దించేసింది.