సబ్బు పూసిన కమాను

నార్త్ యార్క్‌లో మా పక్క ఫ్లాట్‌లో ఉండే స్కాట్లాండ్ వయొలిన్ కళాకారుడి గురించి నా డైరీలో మొదట రాసింది ఫిర్యాదు కోసమే. నేను బ్యాంకు ఉద్యోగం నుంచి రిటైరయిన కొత్త. పొద్దున ఏడింటికే గోడ అవతల వాయింపు మొదలయ్యేది. ఆధారం లేకుండా ఫిర్యాదు చేయడం నాకు అలవాటు లేదు. అందుకని రోజూ మొదలైన వేళ, ఆగిన వేళ రాసుకున్నాను. మూడు నెలలకు ఫిర్యాదు ఆలోచన పోయింది, రాయడం మాత్రం మిగిలింది. పాటల పేర్లు తెలియవు కనుక 'పరుగు పాట', 'పడవ పాట' అని నేనే పెట్టుకున్నాను. పరిచయం పెరిగాక ఫిర్యాదు సంగతి, డైరీ సంగతి ఆయనకే చెప్పేశాను.

తర్వాత ఆయనకు ఒక టీవీ సీరియల్‌లో వయొలిన్ వాయించే నావికుడి వేషం దొరికింది. మొదటి భాగం ఆయనతో కలిసి మా ఇంట్లోనే కూర్చుని చూశాం. కాసేపటికి మా ఆవిడ నా చెవిలో, "ఏమండీ, రోజూ మనం వినే వాయింపు ఇది కాదండీ" అంది. నేను ఆ మాట చెబితే ఆయన నవ్వి ఒప్పుకున్నాడు. షూటింగ్‌లో మాటలకు అడ్డు రాకూడదని కమానుకు సబ్బు పూస్తారట. అది తీగల మీద జారిపోతుందే కాని పలకదు. మనకు వినిపించేది ఇంకెవరో స్టూడియోలో వాయించింది.

ఒప్పందాన్ని ఏటా పొడిగించే హక్కు సీరియల్ తీసే కంపెనీదే. నాలుగేళ్లు పొడిగించింది. ఆ నాలుగేళ్లూ ఆయన గడ్డం తీయకూడదు, అడగకుండా కచేరీ చేయకూడదు. లిఫ్ట్‌లో జనం ఆయనను నావికుడి పేరుతోనే పిలిచేవారు. ఆయన పలికేవాడు కూడా.

పోయిన చలికాలంలో ఒక మధ్యాహ్నం వయొలిన్ పెట్టెతో మా తలుపు తట్టాడు. ఒప్పందం ఆ నెలతో ముగుస్తుంది. గ్లాస్గోలో ఆయన ఇదివరకు వాయించిన బృందం మళ్లీ రమ్మంటోంది, కాని ముందు ఒక పాట రికార్డు చేసి పంపమంది. మేం విని చెప్పాలట. సాధన రోజూ చేస్తూనే ఉన్నానన్నాడు.

నాకేమీ వినిపించడం లేదన్నాను.

"సీరియల్ కమానుతో చేస్తాను. చేతి కదలిక తప్పకూడదు కదా," అని నన్ను అడిగాడు. "మీరు రాస్తారుగా. చివరిసారి ఎప్పుడు విన్నారు?"

మా ఆవిడ వద్దన్నట్టు కళ్లతో చెప్పింది. అడిగిన లెక్క దాచడం నాకు చేతకాదు. డైరీలు తెచ్చి చూశాను. పదహారు నెలల కిందట, పడవ పాట, ఇరవై నిమిషాలు. ఆయన నా చేతిలోంచి డైరీ తీసుకుని పేజీలు తిప్పాడు. తెలుగు రాకపోయినా, ఆ తర్వాత ప్రతి తేదీ కింద ఒకే మాట ఉందని గమనించాడు.

"ఈ రెండక్షరాలేమిటి?"

"లేదు అని."

ఆయన మామూలు కమానుకు, తీగను పట్టి పలికించే రోజిన్ బంక రుద్ది పడవ పాట ఎత్తుకున్నాడు. వేళ్లు సరిగ్గానే పడుతున్నాయి. కమాను మాత్రం తీగను తాకీ తాకనట్టు పోతోంది. చప్పుడు చేయకూడదని ఇన్నాళ్లూ నేర్చుకున్న చెయ్యి అది. మూడుసార్లు మొదలుపెట్టి మూడుసార్లూ ఒకేచోట ఆపాడు.

"నా చప్పుడు మీద ఫిర్యాదు చేద్దామనుకున్నారు కదా. చప్పుడు ఆగిపోయినప్పుడు చేయాల్సింది," అన్నాడు, వయొలిన్ పెట్టెలో పెడుతూ.

ఆ మాట నిజం. పదహారు నెలలు పద్ధతిగా రాశాను, ఒక్కసారైనా లేచి వెళ్లి ఆయన తలుపు తట్టలేదు.

పాట పంపలేదు. పదిరోజుల తర్వాత కంపెనీ ఇచ్చిన కొత్త ఒప్పందం తెచ్చాడు. ఇంకో మూడేళ్లు. సాక్షి సంతకం కావాలన్నాడు. బ్యాంకు అలవాటు కొద్దీ ప్రతి పేజీ చదివాను. మధ్యలో బయటపడే దారి ఎక్కడైనా రాశారేమోనని మళ్లీ చదివాను. కనిపించలేదు. ఆయన సంతకం కింద నాది పెట్టాను.

మర్నాడు ఏడింటికి డైరీ తెరిచి గోడ పక్కన కూర్చున్నాను. ఎనిమిది దాకా చూసి, ఆ రెండక్షరాలే రాశాను.