ఎర్ర లైటు ఆరిన మధ్యాహ్నం

మా లారీకి బ్రేకులు పట్టేది గాలితో. గాలి తగ్గితే స్టీరింగ్ వెనక ఎర్ర లైటు వెలిగి బజర్ మోగుతుంది. ఆ మధ్యాహ్నం అది మాటిమాటికీ వెలుగుతోంది. సత్తెనపల్లి నుంచి మిర్చి టిక్కీలు, అదే బస్తాలు, వేసుకొచ్చి, గుంటూరు శివార్లలో ఒక కోల్డ్ స్టోరేజి ముందు వరసలో ఉన్నాం. కాలవ వంతెన దిగే వాలు మీద ఆగింది మా బండి. మెకానిక్ దగ్గరికి వెళ్తే వరస పోతుంది, మళ్ళీ తోక దగ్గర నిలబడాలి. మా ఆయనకు వరస పోవడమంటే ప్రాణం పోవడమే.

లారీలో లోపాలేమిటో ఫోన్‌లో చూపించే అడాప్టర్ ఒకటి ఆయన దగ్గర ఉంది. అసలుది కాదు, చవక నకలు. బ్రాడీపేటలో ఫోన్ కవర్లమ్మే కొట్లో కొన్నాడు. దాన్ని లారీకి గుచ్చి ఏవో నొక్కాడు. లోపాలు లేవని వచ్చింది. లైటు ఆరింది, బజర్ ఆగింది, గాలి ఎంతుందో చూపే ముల్లు నిండుగా నిలబడింది.

అంతసేపూ ఊగిన ముల్లు అలా కొయ్యబారడం నాకు నచ్చలేదు.

"లైటు ఆర్పారా, రోగం కుదిర్చారా?"

"డిగ్రీ నీది, స్టీరింగ్ నాది. కాసేపు నోటికి బ్రేకెయ్యవే."

ముందు లారీ కొద్దిగా కదిలి ఆగింది. దాని వెనక నీడలో బస్తాలు మోసే ముఠా కూలీలు చేరి క్యారియర్లు విప్పారు. ఈ వరసల్లో అన్నాలు తినేది అలాగే, లారీకీ లారీకీ మధ్య. మధ్యలో ఇంకా చోటుందని, కాస్త ముందుకు జరపడానికి ఆయన హ్యాండ్ బ్రేక్ వదిలాడు.

బండి జారింది. ఆయన పెడల్ అడుగంటా తొక్కాడు. ఆగలేదు. ముల్లు మాత్రం నిండుగానే ఉంది. ముద్ద కలుపుతున్న ఒక ముసలాయన చెయ్యి నాకు ముందు అద్దంలోంచి కనిపిస్తోంది. మా ఆయన హ్యాండ్ బ్రేక్ లాగాడు, అది పట్టడానికి గాలి అక్కర్లేదు. బండి కుదుపుతో ఆగింది. ముసలాయన కనిపించలేదు.

దిగి పరిగెత్తాను. ముసలాయన పక్కకు దొర్లాడు, బతికే ఉన్నాడు. అన్నం మట్టిపాలైంది.

"చూస్కోవాలమ్మా" అన్నాడంతే.

మా ఆయన అడాప్టర్ పీకాడు. లైటు, బజర్ వెంటనే వచ్చాయి, ముల్లు అడుక్కి పడిపోయింది. ఇందాకటి నుంచీ ముల్లు మాకు చూపించింది ఎప్పటిదో గాలి లెక్క, ఇప్పటిది కాదు. ఆయన నా వైపు చూడలేదు. ఇద్దరం చక్రాల కింద రాళ్ళు పెట్టాం.

వెనక హారన్లు. ముందు లారీ వెళ్ళిపోయింది. నీడ పోయిన కూలీలు గిన్నెలు పట్టుకుని మా బండి ముందుకే వచ్చి చతికిలబడబోయారు.

"ఇక్కడొద్దు, లేవండి" అన్నాను.

"నీడెక్కడుందమ్మా మరి?" అన్నాడు ముసలాయన.

నేను చక్రం కింద రాయిని మళ్ళీ లోపలికి తన్నాను.