పలికిందా?

పలికిందా అని అన్నయ్య ఫోన్లో అడిగినప్పుడు ఆ చెల్లెలు దేని గురించి అనుకుంది? గోడకు అతికించిన గాజు గురించా, కాళ్ల దగ్గర తిరుగుతున్న పిల్ల గురించా? అడిగినవాడికి తెలియదు. చెప్పినావిడ ఇప్పుడు లేదు. ఎన్ని విధాల తిరగేసి చూసినా ఇది రాస్తున్న చేతికీ అంతుచిక్కలేదు.

అడిగినవాణ్ణి ఆ పేటలో అందరూ గాజులాయన అనేవారు. కొత్తగా వచ్చినవాళ్లు చేతులకు వేసుకునే గాజులమ్ముతాడనుకుని కొలత చెప్పబోయేవారు. ఆయన అమ్మేదేమీ లేదు. కొండ ఆఫీసులో ఉద్యోగి. కొండవాలు మీద మెట్లుమెట్లుగా కట్టుకున్న ఇళ్లన్నీ తిరిగి, గోడల్లో బీటలు వెతికి, ప్రతి బీట మీదా అడ్డంగా జానెడు పొడవు గాజుపట్టీ అతికించడం ఆయన పని. పట్టీ రెండు కొసలకూ ప్లాస్టర్ మెత్తుతాడు. పక్కన తేదీ రాస్తాడు. మళ్లీ మళ్లీ వచ్చి చూస్తాడు. కొండ గోళ్లు పెరిగినంత నెమ్మదిగా కదులుతుంది, కంటికి ఆనదు. గోడ వెంట్రుకవాసి కదిలినా పట్టీ మాత్రం పుటుక్కుమంటుంది. "గాజుకి సాగడం రాదు. అందుకే దానికి అబద్ధమాడడం కూడా రాదు" అనేవాడు ఇంజనీరు.

విరిగింది అన్న మాట ఆ ఆఫీసులో ఎవరూ వాడరు. ఎవరు మొదలుపెట్టారో గానీ, విరిగితే "పలికింది" అంటారు, విరగకపోతే "మూగ". రిజిస్టరులో ఇంటి నంబరు, తేదీ, మూడో గడిలో ఆ రెండు మాటల్లో ఒకటి. పలికిన ఇంటిని రెండు గంటల్లో ఖాళీ చేయించి, మనుషుల్ని కింద రేకుల షెడ్లకు పంపాలి. కళ్లతో చూడకుండా మూడో గడి నింపకూడదు. ఆ ఉద్యోగానికి ఉన్న నియమం అదొక్కటే.

అంతకు ముందు పన్నెండేళ్లు కిటికీ అద్దాల కొట్లో పనిచేశాడాయన. కోసుకుని కోసుకుని మానిన వేళ్లు. కొసల్లో స్పర్శ తగ్గిపోయి వేడి గ్లాసు పట్టుకున్నా దించేవాడు కాదు. ఇంజనీరు పట్టీలు కొనడానికి వచ్చి, కోత చూసి, మనిషినే తీసుకుపోయాడు.

పేటవాళ్లకు ఆయనంటే ఇష్టమూ, భయమూ. పట్టీ మూగగా ఉన్నన్నాళ్లూ కుర్చీ వేసేవారు. పలికేలా ఉందంటే ఏదో ఒకటి అడ్డం పెట్టేవారు. రేకుల షెడ్డుకు ఎవరు పోతారు? మూడో వరుసలో ఒక ముసలావిడ పట్టీ మీద క్యాలెండరు తగిలించింది.

"ఇదెందుకు పిన్నీ ఇక్కడ?"

"తేదీ చూసుకోవద్దూ?"

"ఇది పోయినేడాది క్యాలెండరు."

"పోయినేడాదికి ఏం రోగమయ్యా? అప్పుడు ఇల్లు నిక్షేపంగా ఉందిగా!"

"జరుగు పిన్నీ, గోడ చూడాలి."

"గోడదేముంది నాయనా, మూగది. పలికేదంతా మా కోడలు. అతికిస్తే దానికతికించు ఒక పట్టీ, నోటికి అడ్డంగా."

లోపల్నుంచి కోడలు గిన్నె గట్టిగా పెట్టిన చప్పుడు వినిపించింది. ఆయన క్యాలెండరు తీసి చూశాడు. మూగే. మళ్లీ తగిలించి వచ్చేశాడు.

ఎనిమిదో వరుసలో, అన్నిటికంటే పైన, ఆయన చెల్లెలి ఇల్లు. ఆవిడ మొగుడు లారీ డ్రైవరు. వెళ్తే వారం పది రోజులకు గానీ తిరిగిరాడు. మూడేళ్ల ఆడపిల్ల. అన్నీ వింటుంది, పిలిస్తే చూస్తుంది, నవ్వుతుంది. మాట మాత్రం లేదు. డాక్టరు పరీక్షించి లోపమేమీ లేదు, ఆగండి అన్నాడు. ఆగుతున్నారు. వంటింటి గోడకు, పొయ్యి వెనక, ఒక బీట ఉండేది. దాని మీద పట్టీ గాజులాయన స్వయంగా అతికించాడు.

కాబట్టి ఆ ఇంటి గడప తొక్కినా, ఫోన్ చేసినా ఆయన మొదటి మాట ఒకటే.

"పలికిందా?"

"ఏది అన్నయ్యా? గోడా, నీ మేనకోడలా?"

"రెండూ."

"రెండూ మొండివే. మేనమామ పోలిక!"

ఒకటి పలకాలని, ఇంకొకటి పలకకూడదని. మాట మాత్రం రెంటికీ అదే. మొదట్లో ఆవిడ ఏది అని అడిగి నవ్వేది. పోను పోను అడగడం మానేసింది. ఆయనా విడమర్చడం మానేశాడు. అడగగానే లేదన్నయ్యా అనేది, ఇద్దరూ వేరే కబుర్లలో పడేవారు. సంతోషించాల్సింది ఏ "లేదు"కో, దిగులుపడాల్సింది ఏ "లేదు"కో ఎవరి లెక్క వాళ్లకుండేది.

ఆ ఏడాది వాన తొమ్మిది రోజులు తెరిపి ఇవ్వలేదు. తొమ్మిదో రోజున ఎనిమిదో వరుసకు వెళ్లే మెట్ల మీద బురద దిగి దారి మూసుకుపోయింది. చుట్టు తిరిగి వెళ్లాలంటే గంటన్నర. అప్పటికే నలభై ఇళ్లు చూసి ఉన్నాడు. బూట్లలో నీళ్లు. మధ్యాహ్నం మూడింటికి ఒక ఇంటి చూరు కింద నిలబడి ఫోన్ తీశాడు. గరగరమంటూ కలిసింది.

"పలికిందా?"

"లేదన్నయ్యా, ఇంకా లేదు. నువ్వు వానలో తడవకు."

మూడో గడిలో మూగ అని రాసుకున్నాడు.

మర్నాడు పొద్దున పది గంటలకు కొండ ఆ వరుసను తీసుకుని దిగింది. పెద్ద లారీలోంచి రాళ్లు దించినట్టు చప్పుడు, తర్వాత ఏమీ లేదు. గాజులాయన అప్పుడు కింద రెండో వరుసలో ఒక ఇంట్లో పట్టీ అతికిస్తున్నాడు. ఆ ఇంటివాళ్లు అరుచుకుంటూ బయటికి పరిగెత్తారు. ఆయన రెండో కొసకు ప్లాస్టర్ మెత్తి, వేలితో నున్నగా చేసి, తేదీ రాసి, అప్పుడు బయటికి వచ్చాడు. ఎందుకలా చేశాడని తర్వాత ఆయన్నెవరూ అడగలేదు. 

పదకొండు ఇళ్లు, పంతొమ్మిది మంది పోయారు. తెల్లారేసరికి మెట్ల మీద బురద తీయడంతో పాప అప్పటికే కింద పిల్లల బడిలో ఉంది. చెల్లెలు ఇంట్లో ఉంది.

నాలుగో రోజున వంటింటి గోడ ముక్క దొరికింది. బీటా, దాని మీద రెండుగా విరిగిన పట్టీ, పక్కన ఆయన చేతిరాతలో తేదీ. ఇంజనీరు దాన్ని వెలుతురుకి పట్టి చూశాడు. విరిగిన అంచుల మీద నూనె జిడ్డు పేరుకుని ఉంది.

"ఇది కొండ పడ్డప్పుడు విరిగింది కాదు. రెండ్రోజుల ముందే పలికింది. దీని ముందు వంట చేశారు."

పేట మొత్తానికి గంటలో తెలిసిపోయింది. ఇల్లు ఖాళీ చేయాల్సొస్తుందని తోడబుట్టినవాడికే అబద్ధం చెప్పిందన్నారు. చెప్పి ఉంటే ఆ వరుసంతా దిగివచ్చేదే అన్నారు. పోయిన మిగతా పద్దెనిమిది మంది తాలూకు బంధువుల ముందు ఆ మాట కాదనడానికి ఎవరికీ నోరు రాలేదు.

విచారణాధికారి మంచివాడే. కుర్చీ చూపించి కూర్చోమన్నాడు.

"దారి మూసుకుపోయింది కాబట్టి ఫోన్ చేశారు. అంతేనా?"

"అంతేనండి."

"గాజు పలికిందా అని అడిగారు."

ఫోన్లో గాజు అన్న మాట తను అనలేదు.

"అడిగానండి."

"ఆవిడ లేదన్నారు."

"లేదందండి."

నివేదికలో ఇంటివారు సమాచారం దాచారని రాశారు. ఆయనకు ఒక నెల జీతం కోసి, మళ్లీ పనిలో పెట్టుకున్నారు. అతికించేవాళ్లు ఇంకెవరున్నారు గనక.

ఏడుపు రాలేదు ఆయనకు. వస్తుందేమోనని కొన్నాళ్లు చూశాడు. ఆకలేసేది, తినేవాడు. నిద్రొచ్చేది, పడుకునేవాడు. ఇళ్ల నంబర్లు ఒక్కటీ మర్చిపోలేదు. భార్య మొహంలో మొహం పెట్టి "ఒంట్లో బాగానే ఉందా?" అంటే "బాగానే ఉంది" అనేవాడు. అదీ నిజమే. వానపడితే మాత్రం చెవుల్లో దూది పెట్టుకున్నట్టుండేది. ఎవరు మాట్లాడినా పక్కింట్లోంచి వినబడేది.

బావ, అంటే చెల్లెలి మొగుడు, దూరపు రూట్లు అడిగి వేయించుకున్నాడు. పిల్లను వీళ్ల దగ్గరే వదిలాడు.

"మీ దగ్గరే ఉంచండి బావా. అచ్చు దాని మొహం. చూస్తే అబద్ధమే కనబడుతోంది నాకు."

గాజులాయన దంపతులకు పిల్లల్లేరు. పాప వచ్చిన నాలుగో నెలలో ఒక మధ్యాహ్నం అత్తయ్య వడ్డిస్తుంటే కంచానికి చెయ్యి అడ్డం పెట్టి "చాలు" అంది. స్పష్టంగా, ఎప్పుడూ మాట్లాడుతున్నదానిలా. అత్తయ్య గరిటె వదిలేసి పిల్లను ఎత్తుకుంది. ఆయన చెయ్యి కడుక్కుని ఫోన్ దాకా వెళ్లాడు. ఎవరికి చేసి చెప్పాలో తోచక దాని ముందు నిలబడ్డాడు.

ఆరేళ్లు అలాగే గడిచాయి. బావ రెండు మూడు నెలలకోసారి వచ్చేవాడు. కూతురికి బొమ్మలూ బట్టలూ తెచ్చేవాడు, మొహంలోకి చూసేవాడు కాదు. ఎవరైనా పెళ్లాం మాట ఎత్తితే లేచి బయటికి పోయేవాడు.

బడి తెరిచిన వారంలో, గాజులాయన పుస్తకాలకు అట్టలు వేస్తుంటే, పాప ఎదురుగా వచ్చి కూర్చుంది. తొమ్మిదేళ్లు నిండాయి.

"మామయ్యా, అమ్మ నీకు అబద్ధం చెప్పిందా?"

"ఎవరన్నారు?"

"మా బెంచీలో పిల్ల. అమ్మ వల్లే వాళ్ల తాతయ్య పోయాడంట. అందరికీ తెలుసంట, నాకే తెలీదంట."

అట్ట మడత సరిగ్గా పడలేదు. విప్పి మళ్లీ మడిచాడు.

"మీ నాన్న వచ్చాక చెబుతా."

"నాన్న లేచి వెళ్లిపోతాడుగా."

"ఈసారి వెళ్లనివ్వను."

భార్యకు ఆ రోజే మొదటిసారి అంతా చెప్పాడు. ఆవిడ విని చాలాసేపు చీర కొంగు మడతలు పెట్టింది.

"చెబితే అతను పిల్లని ఇక్కడుంచుతాడా?"

"ఉంచడు."

"ఆరేళ్లు కడుపులో పెట్టుకున్నవాడివి, ఇంకో పదేళ్లు పెట్టుకోలేవా?"

"దాన్ని అబద్ధాలకోరు కూతురంటున్నారే."

ఆవిడకు మర్నాటినుంచి పిల్లకు జడ వేయడానికి ఎక్కువసేపు పట్టేది.

బావ నెలాఖరుకి వచ్చాడు. మధ్యాహ్నం, ఇద్దరూ భోజనానికి కూర్చున్నారు. పాప బడిలో ఉంది. గాజులాయన రెండు ముద్దలు తిని ఆపాడు.

"బావా, ఆ రోజు ఫోన్లో నేను గాజు అనలేదు."

"ఏ రోజు?"

"పలికిందా అని మాత్రమే అడిగాను. రోజూ అడిగే మాటే. పాప గురించీ అదే కదా అడిగేవాణ్ణి. లేదన్నయ్యా, ఇంకా లేదంది. ఇంకా అంది. గాజుకి ఎవరూ ఇంకా అనరేమో. అంటారేమో. నాకు తెలీదు."

బావ తల వంచుకునే ఉన్నాడు. "విచారణలో మరి?"

"గాజు పలికిందా అని అడిగానన్నాను. ఆ ఒక్క మాట నేను చేర్చాను. వెళ్లి చూడాల్సినవాణ్ణి. వెళ్లలేదు."

పంపు దగ్గర నీళ్లు చుక్కలు పడుతున్నాయి. బావ కంచం పక్కకు జరిపాడు.

"పొయ్యి వెనక అంతా చీకటిగా ఉంటుంది. బల్బు పోయిందని నాకు రెండుసార్లు ఫోన్ చేసింది. వచ్చాక వేస్తానన్నాను." ఆగాడు. "విరిగింది చూసుండదంటావా?"

"తెలీదు బావా."

"ఆరేళ్లుగా దాని ఫొటో లారీ సీటు కింద పెట్టె అడుగున బోర్లించి ఉంచాను నేను."

గాజులాయన, బావ తనను కొడతాడేమోననుకున్నాడు. కొడితే బాగుండేదని కూడా అనిపించలేదు. ఏమీ అనిపించలేదు. బావ చెయ్యి కడుక్కుని వచ్చి తువ్వాలుతో ఒక్కొక్క వేలూ తుడుచుకున్నాడు.

"నాకు చెప్పావు, సరే. ఆఫీసులో కాగితం మీద ఏముంది?"

"ఇంటివారు దాచారని."

"అదెవరు మారుస్తారు?"

"నేనే వెళ్లాలి."

"ఉద్యోగం పోతుంది."

"పోతుంది."

"పాపని సాయంత్రం బస్సుకు తీసుకెళ్తాను. మా అక్క దగ్గరుంటుంది. లారీ మానేసి ఊళ్లో ఏదో ఒకటి చూసుకుంటాను." తర్వాత, గోడవైపు చూస్తూ, "నీ మీద కోపం రావడం లేదు బావా. ఎప్పుడొస్తుందో తెలీదు. వచ్చేలోపు వెళ్లిపోవాలి" అన్నాడు.

లోపల గదిలో అత్తయ్య అప్పటికే బట్టలు మడతపెడుతోంది. ఎవరూ ఆవిడకు చెప్పలేదు.

మూడింటికి పాప బడినుంచి వచ్చింది. బావ వరండా మెట్టు మీద కూర్చుని పక్కన చోటు చూపించాడు. పిల్ల సంచీ దించకుండానే కూర్చుంది. మొదట ఏం చెప్పాడో లోపలికి వినబడలేదు. తర్వాత బావ గొంతు కొంచెం లేచింది.

"మీ అమ్మ ఎంత గట్టిగా నవ్వేదంటే, కింద మలుపులో లారీ ఆపుకున్న నాకు వినబడేది. నిజం!"

"అంత గట్టిగానా?"

"అంత గట్టిగా. మీ మామయ్యనడుగు."

పాప వెనక్కి తిరిగి లోపలికి చూసింది. గాజులాయన తలుపు దగ్గరే నిలబడి ఉన్నాడు. అవునన్నట్టు తలూపాడు. పిల్ల మళ్లీ తండ్రివైపు తిరిగి, "ఇంకా చెప్పు" అంది. బావ కూతురి మొహంలోకి చూస్తూ చెబుతున్నాడు.

ఆఫీసు అయిదింటికి మూస్తారు. నడిస్తే గంట దూరం. గాజులాయన లోపలికి వెళ్లి, ఉతికిన చొక్కా వేసుకుని, ఆ రోజు ఫోన్లో తను గాజు అనలేదని రాసుకున్న కాగితం నాలుగు మడతలు పెట్టి జేబులో పెట్టుకున్నాడు. భార్య మడతపెడుతున్న గౌను చేతుల్లోనే ఉంచుకుని చూసింది.

"పిల్లతో ఒక్క మాట చెప్పి వెళ్లు."

ముందు గదిలోకి వచ్చాడు. వరండాలో మాటలు ఆగలేదు. పాప ఏదో అడుగుతోంది, బావ చేతులు తిప్పి చూపిస్తున్నాడు. ఆ మెట్టు మీదుగా పోవాలంటే వాళ్లను లేపాలి. ఆయన వెనక్కి తిరిగి, పెరటి తలుపు గడియ చప్పుడు కాకుండా తీసి, సందులోంచి రోడ్డెక్కాడు.