తొమ్మిదేళ్ళ కరివేపాకూ, నా బేస్‌మెంట్ గదీ

నిన్న నా గది తలుపు మీద ఒక పసుపు కాయితం అంటించి ఉంది. దాని మీద ఏం రాసుందో చివర్లో చెప్తా. ముందు నేను చేసిన ఘనకార్యం వినండి.

నేనుండేది కెనడాలో, విన్నిపెగ్‌లో, సుజాత ఆంటీ వాళ్ళింటి బేస్‌మెంట్‌లో. మేం కాలేజీలో చేరిన ఇన్‌టేక్‌లో ఎంతమంది స్టూడెంట్స్ దిగారంటే, ఊళ్ళో గది దొరకడం ఇక్కడే స్థిరపడే పీఆర్ కార్డు దొరికినంత పని. మొదటి నాలుగు నెలలు ఒక టూ బెడ్‌రూమ్‌లో తొమ్మిది మంది అమ్మాయిలం ఉన్నాం, బాత్రూమ్‌కి టైమ్ టేబుల్ వేసుకుని. అలాంటిది ఇక్కడ కిటికీ ఉన్న సొంత గది, అప్పుడప్పుడు పైనుంచి పప్పుచారు. ఈ గది పోయిందా, మళ్ళీ ఆ టైమ్ టేబులే.

సెప్టెంబర్ చివర్లో ఆంటీ, అంకుల్ మేనకోడలి పెళ్ళికని మూడు వారాలు ఇండియా వెళ్ళారు. వెళ్తూ ఫ్రిజ్ మీద ఒక చీటీ పెట్టారు. పెరట్లో పూల మొక్కలకి నేల గడ్డకట్టేదాకా నీళ్ళు మానొద్దు. వంటింట్లో కరివేపాకుకి వారానికోసారి చాలు. అంతే. ఆ కరివేపాకు ఆంటీ తొమ్మిదేళ్ళుగా పెంచుతున్నది. ఎండాకాలమంతా ఇంటి వెనక చెక్క డెక్ మీద, చలి మొదలవగానే వంటింటి అద్దాల తలుపు పక్కన. టొరంటోలో ఉండే వాళ్ళబ్బాయి ఫోన్ చేస్తే ముందు "హౌ ఈజ్ ద ప్లాంట్?" అంటాడట, తర్వాతే "హౌ ఆర్ యూ?"

మొదటి వారం బుద్ధిగా నీళ్ళు పోశా. రెండో వారంలో ఒక రాత్రి ఫ్రాస్ట్ పడింది, పేరుకునే మంచు. పొద్దున్నే వెళ్ళి చూద్దును కదా, పియోనీ పూల మొక్కల ఆకులు నల్లబడి వేలాడుతున్నాయి. పక్కనున్న హోస్టా మొక్కలైతే ఉడకబెట్టిన పాలకూరలా ఉన్నాయి. నీళ్ళెక్కువై చచ్చాయో తక్కువై చచ్చాయో తెలీదు. ఎటు తిప్పినా చంపింది నేనే.

సరిగ్గా అప్పుడే ఆంటీ వాట్సాప్‌లో అడిగారు, మొక్కలెలా ఉన్నాయని. పెళ్ళింట్లో ఉన్న మనిషికి ఈ కబురెందుకులే అని "సూపర్ ఆంటీ" అని కొట్టి, ఆగస్టులో తీసిన ఫొటో ఒకటి పంపా. మూడు హార్టులు వచ్చాయి. ఆ హార్టులు చూశాక ఇక నిజం చెప్పే దారి లేకుండా పోయింది.

అప్పుడు నా బుర్ర పనిచేసింది. చేయకపోయినా బాగుండేది. కరివేపాకుని చలికి లోపలికి తెచ్చుకున్న ఆంటీ, మరి వీటినెందుకు తేలేదు? పాపం, పెళ్ళి హడావిడిలో మర్చిపోయుంటారు. ఆదివారం పార్ట్‌టైమ్ జాబ్ షిఫ్ట్ మానేసి పార పట్టా. మొత్తం పదకొండు మొక్కలు. పియోనీ వేళ్ళు చిలగడదుంపల్లా ఉంటాయి, లాగితే రావు. బకెట్లు చాలక, ఆంటీ గ్యారేజ్‌లో దాచుకున్న పెద్ద పెరుగు డబ్బాలన్నీ తీశా. సాయంత్రానికి నడుం పడిపోయింది.

ఇప్పుడు వీటిని పెట్టేదెక్కడ? ఎండ పడేది ఆ అద్దాల తలుపు దగ్గరే. అక్కడేమో కరివేపాకు కుండీ మహారాణిలా కూర్చునుంది. మాది ఖమ్మం. మా ఇంట్లో గిన్నెలు తోముకునే చోట కరివేపాకు చెట్టుంటుంది. నాకు బుద్ధి తెలిసినప్పట్నుంచి దానికి ఎవరూ చెంబెడు నీళ్ళు పోసింది చూళ్ళేదు. వీధిలో వాళ్ళంతా రెమ్మలు తెంపుకుపోతారు, అది మళ్ళీ పెరుగుతుంది. అంత మొండి మొక్కకి నాలుగు రోజులు బయటుంటే ఏమవుతుంది? డెక్ మీదకి ఈడ్చేశా. దాని చోట్లో బకెట్లూ డబ్బాలూ వరసగా పేర్చి, హీట్ ఇరవై ఆరుకి పెంచి, మంచి పని చేశానన్న తృప్తితో పడుకున్నా.

గురువారం వాళ్ళు దిగారు. అంకుల్ సూట్‌కేసు పట్టుకునే ఆ డబ్బాల వైపు కాసేపు చూశారు. తర్వాత చాలా ఓపిగ్గా చెప్పారు. ఇవి పెరెన్నియల్స్ అట. చలికి పైన ఆకులు చస్తాయి, వేరు మంచు కింద నిద్రపోతుంది, మే నెలలో మళ్ళీ లేస్తుంది. ఏటా ఇదే తంతట. చలి లేకపోతేనే వాటికి ఇబ్బందట. అంటే నేను నిద్రపోతున్న వాటిని లేపి, హీటర్ ముందు కూర్చోబెట్టానన్నమాట.

ఆంటీ ఇవేవీ వినట్లేదు. అద్దాల తలుపు చుట్టూ వెతుకుతున్నారు.

"స్వప్నా, నా కరివేపాకేది?"

"బయట పెట్టా ఆంటీ. చోటు లేకపోతేనూ..."

బయట మైనస్ ఏడు. ఆంటీ చెప్పుల్లేకుండానే డెక్ మీదకి వెళ్ళారు. ఆకులన్నీ నల్లగా ఉన్నాయి, చెయ్యి తగిలితే రాలిపోతున్నాయి. ఒక రెమ్మ తుంచి వాసన చూసి, కుండీలోనే పెట్టేసి లోపలికొచ్చారు. నేరుగా గదిలోకెళ్ళి తలుపేసుకున్నారు. తిట్టినా బాగుండేది. నాకు నిజంగా ఏడుపొచ్చింది, కొంత మొక్క కోసం, ఎక్కువ గది కోసం. కూరలో కరివేపాకులా నన్ను ఏరి అవతల పారేస్తారని ఫిక్సయిపోయి, పాత రూమ్‌మేట్స్‌కి మెసేజ్ పెట్టా. బాత్రూమ్‌కి పొద్దున నాలుగున్నర స్లాట్ ఖాళీగా ఉందన్నారు.

శనివారం అంకులూ నేనూ ఆ పదకొండింటినీ మళ్ళీ అవే గుంటల్లో పాతి నీళ్ళు పోశాం. నేల ఇంకా గడ్డకట్టలేదు కాబట్టి బతుకుతాయన్నారు. కరివేపాకుని ఆంటీ మొదలుదాకా కత్తిరించి, ఆ మోడునే తెచ్చి మళ్ళీ అద్దాల పక్కన పెట్టుకున్నారు. తర్వాత ఇల్లంతా పసుపు కాయితాలు వెలిశాయి. మోడు మీద "లోపల". పూజ గదిలో తులసి మీద "లోపల". పెరట్లో ప్రతి మొక్క పక్కనా పుల్ల గుచ్చి "బయట".

నిన్న కాలేజీ నుంచి వచ్చేసరికి నా తలుపు మీద కూడా ఒకటి. మెట్ల మీదే ఆగిపోయా. ఫోన్ లైట్ వేసి చదివా.

"లోపల. వారం వారం ఇండియన్ స్టోర్ నుంచి కరివేపాకు తెచ్చినంత కాలం."

మా ఇంట్లో ఎవరూ చెంబెడు నీళ్ళు పోయని ఆ ఆకు కోసం, ఇవాళ ఈ చలిలో రెండు బస్సులు మారి వెళ్ళొచ్చా.