చెవి లేని టెలిఫోన్

వెన్యా ఒష్చెప్కోవ్‌ది నిలకడ లేని బతుకు. రష్యాలోని పెర్మ్ ఊళ్లో మోతోవిలిఖా పేట వాళ్లనెవరినడిగినా అదే చెబుతారు. ఉంటే బాయిలర్ గదిలో బొగ్గు ఎగదోస్తుంటాడు, లేదంటే గిటారు వీపున వేసుకుని ఏదో రైల్లో ఉంటాడు. కాలుగాలిన పిల్లి నయం! అతని పాటలూ అంతే, ఒక్కటీ కుదురుగా కూర్చుని వినేది కాదు. పొగరని కొందరు, తాగుడని కొందరు అంటారు. అనేవాళ్ల నోటికి తాళం వేయగలమా? అసలు సంగతి అతని పదహారో ఏట జరిగింది.

ఆ రోజుల్లో కరెంటు గిటారు కొందామన్నా దొరికేది కాదు. కుర్రకారు పాత బల్ల చెక్క కోసి సొంతంగా చేసుకునేవాళ్లు. తీగల మోత పట్టి స్పీకరుకు పంపే ముక్క ఒక్కటే ఇంట్లో తయారుచేయడం ఎవరి వల్లా కాదు. అది వీధి టెలిఫోన్ బూత్‌లో ఉండేది. రిసీవరుకు చెవి వైపున్న మూత తిప్పితే చాలు, ఊడి చేతిలో పడేది. ఊరూరా కుర్రాళ్లది ఇదే పని. వెన్యా కూడా ఇంటి మూల మీది బూత్‌ను ఒలిచాడు. ఇది దొంగతనమని ఒక్కడికైనా తోచిందా? లేదు.

ఒక ఆదివారం మధ్యాహ్నం క్యాబేజీ సూపు తాగుతూ తాగుతూ తండ్రి ప్రోఖర్ బల్ల మీదికి ఒరిగిపోయాడు. మూతి వంకరపోయింది. ఇంట్లో ఫోన్ లేదు. తల్లి తయీసియా కోటైనా తొడుక్కోకుండా మంచులోకి పరుగెత్తింది, వెనకే వెన్యా. మూల మీది బూత్‌లో అంబులెన్సు నంబరు తిప్పింది. అవతల చడీచప్పుడు లేదు.

"ఏ వెధవ పాడుచేశాడో, వాడి చేతులు విరగ! పదరా, స్టేషన్ దగ్గరి బూత్‌కి పోదాం," అంటూ రిసీవరు పెట్టేయబోయింది.

స్టేషన్ ఎక్కడ, నాన్న ఎక్కడ! వెన్యా ఆమె చేయి పట్టుకుని ఆపాడు.

"పెట్టేయకమ్మా! మనకు వినపడదంతే, వాళ్లకు వినపడుతుంది. చెప్పు!"

"నీకెలా తెలుసురా?"

వెన్యా తల దించుకున్నాడు. ఆమెకు అర్థమైపోయింది. కొట్టబోయి ఆగి, రిసీవరు బిగించి పట్టుకుని అరిచింది. వీధి పేరు, ఇంటి నంబరు, "మా ఆయన పోయేట్టున్నాడు, రండమ్మా!" మామూలుగా అయితే అవతలి అమ్మాయి ఒక్కొక్కటే అడుగుతుంది, మనం చెబుతాం. అడిగేది వినపడకపోతే ఏం చెప్పాలో ఎవరికి తోస్తుంది? ఆమె చెప్పిందే చెప్పి మొగుడి దగ్గరికి పరుగెత్తింది.

అంబులెన్సుకు దారి చూపిద్దామని వెన్యా వీధిలో నిలబడ్డాడు. నిలబడ్డాడంటే అబద్ధం, ఆ మూల నుంచి ఈ మూలకు తిరుగుతూనే ఉన్నాడు. అంబులెన్సేమో ఇంటి వెనక పెరటి వైపు నుంచి వచ్చింది, అతని కంట పడలేదు. పొడవాటి ఐదంతస్తుల ఇల్లు, బోలెడు గుమ్మాలు. డాక్టరు ఒక్కో గుమ్మం ఎక్కి దిగి, తలుపు తలుపూ బాదుకుంటూ చివరికి వీళ్ల ఫ్లాట్‌కు చేరాడు.

"ఫ్లాట్ నంబరు చెప్పి చావొచ్చుగా!" రొప్పుతూ కసిరాడు. "ఆ పిల్ల అడిగి అడిగి గొంతు చించుకుందట, పలకరేం? కాస్త ముందు వచ్చుంటే బాగుండేది."

ప్రోఖర్ బతికాడు. కుడి పక్క పడిపోయింది, మాట పోయింది.

తండ్రిని ఆసుపత్రి నుంచి తెచ్చిన రోజు వెన్యా గిటారు పట్టుకుని బయల్దేరాడు. తల్లి గుమ్మానికి అడ్డం నిలబడింది.

"ఎక్కడికి?"

"కామా నదిలో పారేసి వస్తా."

"మీ నాన్న మాట మింగి పుట్టిందిరా అది. పారేసి చేతులు దులుపుకుంటావా? వాయించు!"

వాయించాడు. మంచం మీది మనిషి చూస్తూ ఉండేవాడు. ఆ చూపు ఆపమంటోందో, కానివ్వమంటోందో వెన్యాకు ఏనాడూ తెలియలేదు. తెలియనప్పుడు ఆపేదెలా? డాన్సు హాళ్లలో వాయించాడు. పాటలకు సర్కారు పైవాళ్ల అనుమతి రాకపోతే స్నేహితుల వంటగదుల్లో పాడాడు. తండ్రి పోయాక కూడా ఆపలేదు.

కాలం మారి, సర్కారు పట్టు సడలి, పంతొమ్మిది వందల ఎనభై ఎనిమిదిలో పెద్ద హాల్లో పాడనిచ్చారు. జనం కుర్చీలెక్కి ఊగారు. తయీసియా మొదటిసారి వచ్చి ముందు వరసలో కూర్చుంది. పాట అయ్యాక వెన్యా చెమటతో వచ్చి ఆమె పక్కన కూలబడ్డాడు.

"అమ్మా, ఇక చాలా?"

ఆమె కొడుకు మొహం తుడిచింది.

"నన్నడుగుతావేంరా? మీ నాన్ననడుగు."

తెల్లారి రైలుకే అతను ఇంకో ఊరు వెళ్లిపోయాడు.