రొయ్యమ్మ పాట ఆల్బమ్‌కెక్కిన వైనం

వీరదుర్గ పెదపాడు రైతుల ఇంటి ఆడపిల్ల. ఏలూరులో డిగ్రీ చదివే రోజుల్లో కాలేజీ వార్షికోత్సవానికి ఏదో లలితగీతం పాడుతుందనుకుంటే, డ్రమ్స్, ఎలక్ట్రిక్ గిటారు పెట్టించి, తనే రాసుకున్న పాటను గొంతెత్తి అదరగొట్టింది. ముందు వరసలో లెక్చరర్లు చెవులు మూసుకున్నారు. వెనకవాళ్లు బెంచీలెక్కారు. ఆ రోజు గిటారు వాయించిన జేమ్స్ చర్చిలో వాయిస్తూ నేర్చుకున్నవాడు. ఇప్పటికీ ఆమె పక్కన గిటారు ఆయనదే.

ఇద్దరూ కలిసి బ్యాండ్ పెట్టారు. భీమవరం, ఉండి, తాడేపల్లిగూడెం, ఎక్కడ పిలిస్తే అక్కడికి వ్యానులో సామాను వేసుకుని వెళ్లేవారు. క్యాసెట్లు పోయి సీడీలొచ్చాయి, అవీ పోయి ఫోన్లొచ్చాయి. ఆమె పాడటం ఆపలేదు. నిరుడు ఆమెకు యాభై నిండాయి. ఏలూరులో రికార్డింగ్ స్టూడియో నడిపే మేనకోడలు మానస పట్టుబట్టింది.

"అత్తా, నీ హిట్లన్నీ ఒక్క ఆల్బమ్‌గా తెద్దాం."

వీరదుర్గ సంబరంగా పాటలు ఎంచుకుంది. అవి విని జేమ్స్ మొహం చిట్లించాడు.

"రొయ్యమ్మ ఏదండీ?"

"అది పాటేంటండీ జేమ్స్ గారూ! రొయ్యల మేత ప్రకటన."

నిజమే. ఒకప్పుడు ఒక మేత కంపెనీ అడిగితే ఓ సాయంత్రం సరదాగా కట్టిన పాట అది. కంపెనీ దాన్ని ఆటోలకు మైకులు కట్టి కొల్లేటి చుట్టుపక్కల ఊళ్లన్నీ తిప్పింది. తను రాత్రీపగలూ కష్టపడి రాసిన పాటలు పక్కనుండగా, "మీసాల రొయ్యమ్మా, మేత వేశా మెయ్యమ్మా" అనేది తన పేరుకు అంటుకోవడం వీరదుర్గకు తలవంపులుగా ఉండేది.

"మీ హిట్టేదో చెప్పాల్సింది మీరు కాదండి, వినేవాళ్లు," అన్నాడు జేమ్స్. ఆమె మూతి ముడుచుకుంది.

ఆల్బమ్‌లోకి కొన్ని పాటలు జనం మధ్య రికార్డు చేద్దామని మానస ఏలూరులో ఒక కల్యాణ మండపం తీసుకుంది. వీరదుర్గ తనకు ప్రాణమైన పాటతో మొదలుపెట్టింది. జనం బుద్ధిగా విన్నారు, మర్యాదగా చప్పట్లు కొట్టారు. రెండోదానికీ అంతే. మూడో పాట అందుకోబోతుంటే మధ్య వరసలోంచి ఒకావిడ లేచింది.

"ఏవండీ దుర్గ గారూ, రొయ్యమ్మ పాడరా అండీ? ముదినేపల్లి నుంచి దానికోసమే వచ్చామండీ."

మండపమంతా గొల్లున నవ్వింది. వీరదుర్గ జేమ్స్ వైపు కోపంగా చూసింది. ఆయన అప్పటికే గిటారు మీద ఆ పాట ఎత్తుకున్నాడు. ఇక తప్పక పాడింది. పల్లవి బాగానే సాగింది కానీ, ఎన్నేళ్లుగానో పాడక, రెండో చరణం దగ్గర మాటలు రాక నోరు తెరుచుకుని నిలబడిపోయింది. వెంటనే ఆ ముదినేపల్లి ఆవిడ చరణం అందుకుంది. ఆవిడ వెనక రొయ్యల చెరువుల రైతులు, వాళ్ల ఇళ్ల ఆడవాళ్లు, చివరికి మండపంలో వంటవాళ్లూ గొంతు కలిపారు. వీరదుర్గ మైకు జనం వైపు తిప్పి, పొట్ట పట్టుకుని నవ్వింది. నవ్వుతూనే కళ్లు తుడుచుకుంది.

"మానసా, రికార్డైందా?"

"మొత్తం అయిందత్తా. నువ్వు మర్చిపోవడంతో సహా."

"అయితే అదే మొదటి పాట."

ఆల్బమ్ విడుదలైన వారానికి ముదినేపల్లి నుంచి ఫోనొచ్చింది. "నా పేరు సత్యవేణండి. ఆ చరణం ఎత్తుకుంది నేనేనండి. అందరి గొంతుల్లో నాది కలిసిపోయింది. మా ఆయన అసలు నమ్మట్లేదండి!"

వీరదుర్గ పడీపడీ నవ్వింది. "వచ్చే ఆదివారం తాడేపల్లిగూడెంలో మా ప్రోగ్రాముందండి. ఆయన్ని కూడా తీసుకురండి. రెండో చరణం మైకులో మీరొక్కరే పాడుదురుగాని."

సత్యవేణి కొత్త చీర కట్టుకుని, వాళ్లాయన్ని వెంటబెట్టుకుని వచ్చింది. స్టేజీ మీద మొదట మైకు అందుకోవడానికే మొహమాటపడింది. తర్వాత ఎంత హుషారొచ్చిందంటే, తన చరణం అయిపోయినా మైకు వదల్లేదు.