పెరగని ఈఎంఐ

పెరంబూరులో కారు నేర్చుకోవాలని ముచ్చటపడే ఆడవాళ్లకు ఎవరో ఒకరు కోకిల పేరు చెబుతారు. రైల్వే క్యారేజ్ వర్క్స్ వెనక వీధిలో ఆవిడకు చిన్న గది ఉంది. దాని ముందు పసుపు బోర్డు, బోర్డు కింద ఎర్రటి ‘ఎల్’ అంటించిన పాత కారు. ఆ కారులో ఎడమ పక్క సీటు కింద కూడా బ్రేకు, క్లచ్చు ఉంటాయి. కోకిల ఆ సీట్లో కూర్చుని, కాళ్లు సిద్ధంగా పెట్టుకుని, లోకాభిరామాయణం మాట్లాడుతూనే పక్కవాళ్ల చేత వంతెన ఎక్కిస్తుంది. ఎంత పిరికిదాన్నైనా కసరదు. "భయపడేది నువ్వు కాదమ్మా, ఎదురుగ్గా వచ్చే ఆటోవాడు," అని నవ్విస్తుంది.

ఆవిడ తాతముత్తాతలు ఎప్పుడో చిత్తూరు వైపు నుంచి వచ్చి మద్రాసులో స్థిరపడ్డారు. కోకిల పుట్టింది, పెరిగింది రైల్వే కార్మికుల క్వార్టర్స్‌లోనే. మేనమామ కోటిలింగాన్ని చేసుకుని ఇంకో క్వార్టర్స్‌కు మారింది. కోటిలింగం రైలుపెట్టెల కర్మాగారంలో వెల్డరు. క్వార్టర్స్‌లో గోడకు మేకు కొట్టాలన్నా పైవాళ్లను అడగాలి. అందుకే కోకిలకు సొంత గోడ మీద మహా మోజు. ఎనిమిదేళ్ల కిందట అంబత్తూరులో రెండో అంతస్తులో రెండు గదుల ఫ్లాటు కొన్నప్పుడు, గృహప్రవేశం రోజున ఆవిడ చేసిన మొదటి పని హాలు గోడకు తన చేత్తో మేకు కొట్టడం.

ఆ ఫ్లాటు కోసం ఇద్దరి పేర్ల మీద ముప్పై లక్షలు అప్పు తీసుకున్నారు. గడువు ఇరవై ఏళ్లు, నెలకు ఇరవై ఆరు వేలు. అప్పుడు కోటిలింగానికి నలభై. అరవైకి రిటైరవుతాడు, అప్పూ అప్పటికే తీరుతుంది, రిటైర్మెంటు డబ్బులు పెట్టెలో ఉంచి ఇద్దరూ రైల్వే పాసు మీద దేశమంతా తిరగొచ్చు. లెక్క అంత ముచ్చటగా కుదిరేసరికి దాన్ని మళ్లీ ఎవరూ తిరగేసి చూడలేదు. డబ్బు నెలనెలా ఖాతాలోంచి దానంతటదే పోయేది. ఒక్క నెల కూడా తప్పలేదని కోటిలింగం చుట్టాల పెళ్లిళ్లలో చెప్పుకునేవాడు.

ఈ ఏడాది మొదట్లో కోకిల దగ్గర చేరిన వాళ్లలో వైదేహి ఒకావిడ. జార్జిటౌనులో టోకు వ్యాపారం చేసే తెలుగువాళ్ల ఇంటి ఆడపడుచు, బ్యాంకులో అప్పుల విభాగంలో పనిచేసి రిటైరైంది. అరవై దాటాక కారు నేర్చుకోవాలని బుద్ధి పుట్టింది. స్టీరింగు పట్టుకుంటే పెదాలు బిగబట్టి, ముందు అద్దంలోంచి రోడ్డు చూడటం తప్ప ఆవిడకు ఇంకో లోకం ఉండేది కాదు.

ఒక ఉదయం పేపర్ మిల్స్ రోడ్డు మీద ఆవిడ కారు నడుపుతుండగా కోకిల ఫోను మోగింది. ఫోను కారు స్పీకరుకు కలిపి ఉండటంతో మాట బయటికి గణగణమని వినిపించింది. అప్పిచ్చిన కంపెనీ కుర్రాడు తమిళంలో మాట్లాడుతున్నాడు. వంటగదికి చెక్క పని చేయించాలని కోకిల అడిగిన రెండు లక్షలు పాత అప్పు మీదే కలిపి ఇచ్చేస్తామనీ, సంతకం పెడితే చాలనీ చెప్పాడు.

"ఈఎంఐ ఒక్క రూపాయి కూడా పెరగదు మేడమ్," అన్నాడు చివర్న.

వైదేహి బ్రేకు తొక్కింది. కారు ఒక్క కుదుపుతో ఆగింది. వెనక ఆటోవాడు హారన్ కొట్టి తిట్ల దండకం ఎత్తుకున్నాడు.

"ఏందమ్మా అట్లా తొక్కేసినారు? ముందర ఎవురూ లేరే!" అంది కోకిల.

"ఈఎంఐ పెరగదంటే మరి ఏది పెరుగుతాదో అడుగు," అంది వైదేహి, స్టీరింగు వదలకుండానే.

కోకిల అడిగింది. గడువు కాస్త పొడుగవుతుందన్నాడు ఆ కుర్రాడు. కాస్తంటే ఎంత అని అడిగితే, చూసి మళ్లీ చేస్తానని పెట్టేశాడు.

"నీకింకా ఎన్నేళ్లుండాది కోకిలా?"

"పన్నెండు. ఇరవైలో ఎనిమిది పోతే పన్నెండే కదమ్మా."

"ఎప్పుడన్నా చూసినావా?"

"చూసేదానికి ఏముండాది? ఆ ఇరవై ఆరు వేలు మారిందే లేదు."

"అదే నాకు భయం," అంది వైదేహి. "కారు పక్కకి తీసేది ఎట్లనో చెప్పు. కూసుని చూస్తాం."

రోజ్ మిల్క్ అమ్మే కొట్టు ముందు కారాపి, రెండు గ్లాసులు తెప్పించుకుని కూర్చున్నారు. కోకిల ఫోనులో కంపెనీ యాప్ తెరిచింది. ఇంకా కట్టాల్సిన నెలలు అన్న చోట నూట తొంభై అని ఉంది. కోకిల వేళ్ల మీద లెక్కేసింది. మళ్లీ వేసింది.

"పదహారేళ్లా! ఇది ఎవురిదో లెక్క నా దాంట్లో వచ్చేసినట్టుండాది."

"పేరు నీదే కదా?"

పేరు ఆవిడదే. కింద బాకీ ఇరవై నాలుగు లక్షల డెబ్భై ఏడు వేలు. కోకిల గ్లాసు డాష్‌బోర్డు మీద పెట్టేసింది. "అమ్మా, నెలకి ఇరవై ఆరు వేలంటే ఎనిమిదేళ్లకి పాతిక లక్షలు కట్టినాం. ముప్పైలో పాతిక పోతే ఐదు ఉండాల. ఈడ తగ్గిందే ఐదు!"

వైదేహి నవ్వలేదు, జాలిపడనూ లేదు. ఉద్యోగంలో ఎంతమందికి చెప్పిందో, అంత నిదానంగా చెప్పింది. "నువ్వు కట్టే డబ్బులో ముందు వడ్డీ తీసేసుకుంటారు. మిగిలిందే అసలుకి పోయేది. మొదట్లో అసలు పెద్దది కాబట్టి వడ్డీ పెద్దది. ఈ నెల నీ ఇరవై ఆరు వేలల్లో ఇరవై వేల పైన వడ్డీకే పోయింది. అది అందరికీ ఉండేదే. నీకు ఇంకోటి కూడా అయింది. అప్పు తీసుకున్నప్పుడు ఎనిమిదిన్నర శాతం. మూడేళ్ల ముందర రేట్లు పెరిగినాయి, నీది పదికి పోయింది. వాళ్లు నీ ఈఎంఐ పెంచలా, ఏళ్లు పెంచినారు."

"అంటే, నాకు నొప్పి తెలీకుండా..."

"ఆ. ముప్పై లక్షల అప్పుకి ఇట్లే పోతే మొత్తం డెబ్భై నాలుగు లక్షలు కడతావు. మీ ఇంటాయనకి అరవై నాలుగు వస్తాది. దీని మీద వంటగదికి రెండు లక్షలు ఎత్తినావనుకో, ఇంకో మూడున్నరేళ్ల పైన సాగుతాది. ఆ వంటగది నీకు పదకొండు లక్షల పైన పడతాది."

కోకిలకు ఎవరి మీద కోపం తెచ్చుకోవాలో తెలియలేదు. పాఠాల మధ్య ఎన్నిసార్లు తాను ‘పన్నెండేళ్లే’ అని గొప్పగా చెప్పిందో తలచుకుంటే చెవులు వేడెక్కాయి.

"మొగం అట్లా పెట్టుకోవాకు," అంది వైదేహి. "అప్పు చేసింది తప్పు కాదు. సొంత ఇల్లుండాది, ఎవురూ ఖాళీ చేయమనరు. దారి తప్పినాం, అంతే. తిప్పుకోవచ్చు."

సాయంత్రం కోటిలింగం డ్యూటీ దిగి వచ్చేసరికి కోకిల పునుగులు వేసి పెట్టింది. వారం మధ్యలో పునుగులంటే ఏదో ఉందని అతనికి తెలుసు.

"ఏమే, కారు ఎవురికన్నా గుద్దినావా?"

"లేదు మామా. మనల్నే ఏదో గుద్దేసింది."

విన్నంతసేపూ అతను పునుగు చేత్తో పట్టుకునే ఉన్నాడు. "అబద్ధం," అన్నాడు. "ఒక్క నెల తప్పించినామా? చెక్కు తిరిగొచ్చిందా? మరి ఎట్లా పెరుగుతాది?" అన్నం తింటూ మూడుసార్లు అదే అడిగాడు. ఆఖరికి, "అరవై నాలుగు దాకా నేను ఆడ వెల్డింగ్ చేయాల్నా? నా కళ్లు ఒప్పుకుంటాయా?" అన్నప్పుడు మాత్రం గొంతు తగ్గిపోయింది. కాలేజీ నుంచి వచ్చిన కూతురు జనని సంగతి విని, "సుమ్మా ఊరికే ఇద్దరూ కొట్లాడతా కూసోకుండా ఆఫీసుకు పోయి అడగండి," అంది.

శనివారం ఇద్దరూ కంపెనీ ఆఫీసుకు వెళ్లారు. కోటిలింగం ఇస్త్రీ చొక్కా వేసుకుని, యుద్ధానికి పోతున్నట్టు బయల్దేరాడు. అక్కడ కూర్చున్న అమ్మాయి పేరు మధుమిత. అతను గట్టిగా అడిగిన ప్రతిదానికీ ఆ అమ్మాయి మెత్తగా జవాబు చెప్పింది.

"రేటు మారినప్పుడల్లా మెసేజ్ పంపాం సార్."

"నాకు రాలా."

అక్కడే ఫోను తీసి వెతికాడు. మెసేజ్ ఉంది. చీరల దుకాణం తగ్గింపుకూ, గ్యాసు బుకింగుకూ మధ్యలో, తెరవకుండా, మూడేళ్లుగా పడి ఉంది. కోటిలింగం ఫోను మెల్లగా జేబులో పెట్టుకున్నాడు. కోకిలకు నవ్వొచ్చింది. పెదవి కొరుక్కుని గోడ వైపు తిరిగింది.

"ఇప్పుడు కొత్తగా వచ్చేవాళ్లకి ఎంత రేటు?" వైదేహి నేర్పించి పంపిన ప్రశ్న అది.

"ఎనిమిదిన్నర మేడమ్."

"మాకెందుకు పది?"

"మీరు రాసిస్తే మారుస్తాం. ఫీజు ఏడు వేల చిల్లర అవుతుంది."

"అడక్కపోతే?" అన్నాడు కోటిలింగం.

"పాత రేటే నడుస్తుంది సార్."

అతను కోకిల వైపు చూశాడు, కోకిల అతని వైపు చూసింది. ఇద్దరూ ఒకేసారి పెన్ను అడిగారు. అక్కడే రాసిచ్చారు, ఫీజు కట్టారు, వంటగది అప్పు వద్దన్నారు. ఆ ఒక్క కాగితంతో పదహారేళ్లు పదమూడుకు దిగింది.

పదమూడంటే కోటిలింగానికి అరవై ఒకటి. ఇంకొంచెం లాగాలి. నెలకు ఐదు వేలు ఎక్కువ కడితే పదేళ్ల లోపే తీరిపోతుందని, పాత దారిన పోతే కట్టాల్సిన దాంట్లో పన్నెండు లక్షలకు పైగా మిగులుతుందని వైదేహి లెక్క వేసి చూపింది. ఐదు వేలు ఎక్కడివన్న ప్రశ్న వచ్చేసరికి కోకిల మాట మార్చింది. ఎక్కడివో ఆవిడకు తెలుసు. డ్రైవింగ్ స్కూలు కారు అప్పు రెండు నెలల కిందటే తీరింది. నెలకు ఆరు వేలు చేతిలో మిగులుతోంది. ఆ డబ్బుతో కొత్త కారు కొనాలని, అది తెల్లగా ఉండాలని, వెనక అద్దం మీద తన పేరు రాయించాలని కలలు కంటోంది. షోరూముకు రెండుసార్లు వెళ్లి సీట్లు తడిమి కూడా వచ్చింది.

మూడు రోజులు ఊరికే చిరాకుపడింది. గేర్లు కరకరలాడించిన ఒక అమ్మాయిని మొదటిసారి కసిరి, వెంటనే క్షమాపణ చెప్పింది. నాలుగో రోజు కారు కింద దూరి చూసిన మెకానిక్కు, "ఇంజను గట్టిగా ఉండాది అక్కా, ఇంకో మూడేళ్లు నడుస్తాది," అన్నాడు. కోకిల కారు బానెట్టును ఒక్క చరుపు చరిచింది. "సరి. నేర్చుకునేవాళ్లు గోడకి గుద్దేదానికి కొత్త కారెందుకు?" అనుకుంటూ ఇంటికెళ్లి, "మామా, ఐదు వేలు ఎక్కువ కట్టేసేయ్," అంది. ఆ నెల నుంచి ముప్పై ఒక్క వేలు.

వంటగది పని మాత్రం మానలేదు. తెలిసిన వడ్రంగి అరుముగం పాత అలమరలకే తలుపులు బిగించి, గట్టుకు కొత్త పలక వేసి, యాభై వేల లోపే ముగించాడు. రంగు కోకిల ఎంచుకుంది. చిలకపచ్చ. పొద్దున్నే వంటింట్లోకి వెళ్తే కళ్లు వాటంతటవే తెరుచుకుంటాయని కోటిలింగం అంటాడు.

వైదేహి మొదటి రోడ్డు టెస్టులో ఇండికేటరు వేయడానికి బదులు వైపరు వేసి తప్పింది. రెండోసారి నెగ్గింది. లైసెన్సు చేతికొచ్చిన రోజున కోకిల దంపతులను తన కారులో ఎక్కించుకుని మెరీనా దాకా తీసుకుపోయింది. కోటిలింగం వెనక సీట్లో కూర్చుని, దారి పొడుగునా రెండు చేతులతో పైన పట్టీ పట్టుకుని వేలాడాడు.

ఆ రోజుల్లోనే క్వార్టర్స్‌లోని పాత స్నేహితులు కోకిల దగ్గర చేరడం మొదలైంది. ఫోను చేతికిచ్చి, "మాది ఎన్నేళ్లు చూపిస్తాదో చూడు కోకిలా," అనేవారు. కొందరిది సరిగ్గా ఉండేది, ఊపిరి పీల్చుకునేవారు. కొందరిది పొడుగైపోయి ఉండేది. వాళ్లకు రోజ్ మిల్క్ తాగించి, ఏమని అడగాలో నేర్పించి పంపేది.

దసరా బోనసు వచ్చింది. కోటిలింగానికి బోనసంటే ప్రతి ఏడూ పండగే. ఒక ఏడు పెద్ద టీవీ, ఒక ఏడు మిక్సీ, ఒక ఏడు ఎవరికీ అక్కర్లేని ఒళ్లు నొక్కే కుర్చీ. ఈసారి ఏం మోసుకొస్తాడోనని కోకిల హాల్లో జాగా చేసి పెట్టింది. అతను వట్టి చేతులతో వచ్చి చెప్పులు విడిచాడు.

"ఏది మామా?"

"ఏంది ఏది?"

"బోనసు. ఏం కొన్నావు?"

కోటిలింగం కుర్చీలో కూర్చుని, కాళ్లు చాపుకుని, గొంతు సవరించుకున్నాడు. "కొత్తగా ఏం కొనేది? ఎనిమిదేళ్లుగా ఈ ఇల్లు కొంటానే ఉండాం కదా. ఇంకో రెండు గజాలు కొన్నా," అన్నాడు. బోనసంతా అసలుకే కట్టేసి వచ్చాడు. ఈసారి మెసేజ్ కూడా తెరిచి చదివాడట, అక్షరం వదలకుండా.

కోకిలకు నవ్వు ఆగలేదు. వంటింట్లోకి పోయి పునుగుల పిండి కలపడం మొదలుపెట్టి, "ఏ రెండు గజాలు మామా? నాకు బాల్కనీ వైపు కావాల!" అని అక్కడి నుంచే కేకేసింది.